పుట్టుక బుద్ధి: జంతు ప్రవృత్తి వాదంపై కొన్ని మాటలు

పుట్టుకతో వచ్చిన బుద్ధి పుడకలతోగాని పోదని సామెత. దీన్ని ఎవరు ఎవరిమీద వాడతారో కాస్త గమనిస్తే దాని వర్గస్వభావం బయటపడుతుంది. పాలేరు కొడుకు ఎదురు మాట్లాడితే ఈ సామెత వస్తుంది. కామందు కొడుకు పాలేరును చెట్టుకు కట్టి కొడితే రాదు. అబ్బాయిగారికి కోపం కాస్త ఎక్కువ అంటారు, అంతటితో సరి.

ఇలాంటివే మరికొన్ని మాటలున్నాయి. పశుబలం, పశుప్రవృత్తి, ఆటవిక న్యాయం. ఒక ఆడపిల్లమీద అత్యాచారం జరిగితే మర్నాడు పత్రికలో "మృగాడు" అని పెద్ద అక్షరాల శీర్షిక కనిపిస్తుంది. ఆ మాట రాసినవారి ఆగ్రహాన్ని నేను శంకించడం లేదు. కాని ఏ మృగమూ కులం చూసి దాడి చెయ్యదు. ఫిర్యాదు ఇచ్చినా స్టేషనులో తీసుకోరనే ధీమాతో చెయ్యదు. ఆ తర్వాత పెద్దమనుషుల్ని పిలిచి రాజీ మాట్లాడదు. నేరంలో పూర్తిగా మానవ సమాజానిదైన భాగమేదో దాన్నే ఈ మాట జంతువుమీదికి నెట్టేస్తుంది. ఇక "ఆటవికం" అనే మాట అడవిలో బతికే మనుషులకు చేసే అవమానం వేరే చెప్పనక్కరలేదు. మన అభ్యుదయ రచయితలు కూడా ఈ మాటలను యథేచ్ఛగా వాడుతున్నారు.

వీధిలో సామెతగా తిరిగే ఈ భావమే విశ్వవిద్యాలయాల్లో శాస్త్రం వేషం వేసుకుంది. మనిషి మౌలికంగా జంతువు, జంతువు మౌలికంగా దౌర్జన్యశీలి, కాబట్టి యుద్ధమూ ఆస్తీ అధికారమూ మన రక్తంలోనే ఉన్నాయి, విప్లవాలు వాటిని ఏమీ చెయ్యలేవు అనేది దాని సారాంశం. మొదటి ముక్కతో మనకు పేచీ లేదు. మనిషి జంతువే. డార్విన్‌ను అంగీకరించినవాడు ఇంకోలా అనలేడు. పేచీ అంతా తర్వాతి రెండు ముక్కలతోనే.

జంతువుల్లో మనుషుల్ని చూడడం మనకు కొత్తకాదు. చిన్నయసూరి నీతిచంద్రిక (1853) చదువుకున్న ప్రతివాడికీ తెలుసు, అందులో సింహం రాజు, నక్కలు మంత్రులు. మిత్రభేదంలో నక్క చాడీలు చెప్పి సింహానికీ ఎద్దుకూ పగ పెడుతుంది. మిత్రలాభంలో పావురాలన్నీ కలిసి వలతోసహా ఎగిరిపోతాయి, ఎలుక ఆ వల కొరుకుతుంది. ఎవరికి కావలసిన నీతి వారికి అదే పుస్తకంలో దొరుకుతుంది. అయితే ఆ కథలు చెప్పినవాడు తాను రాజకుమారులకు రాజనీతి బోధిస్తున్నానని దాచుకోలేదు. అది అడవిలో తాను చూసివచ్చిన సత్యమని చెప్పుకోలేదు. ఆధునికులు ఆ పని చేశారు. డార్విన్ గ్రంథం చదివాక 1862లో మార్క్స్ ఎంగెల్స్‌కు రాసిన ఒక ఉత్తరంలో దీన్నే ఎత్తిచూపాడు. పోటీ, కొత్త మార్కెట్లు, శ్రమవిభజన ఉన్న ఇంగ్లీషు సమాజం మొత్తం మొక్కల్లోనూ మృగాల్లోనూ తిరిగి ప్రత్యక్షమైందని ఆయన పరిహాసం. డార్విన్ పట్ల ఆయన గౌరవం తగ్గలేదు. సమాజంనుంచి ప్రకృతిలోకి తీసుకువెళ్ళిన దాన్నే మళ్ళీ ప్రకృతినుంచి సమాజంలోకి తెచ్చి, ఇది శాశ్వత నియమం అనడం ఎంత గారడీయో ఎంగెల్స్ 1875లో మరో ఉత్తరంలో వివరించాడు.

ఈ గారడీ ఆచరణలో ఎలా సాగుతుందో తెలుసుకోవాలంటే లండన్ జంతుప్రదర్శనశాలలోని కోతుల కొండ కథ చూడాలి. 1925లో అక్కడ సిమెంటు రాళ్ళతో ఒక కృత్రిమమైన కొండ కట్టి, అందులో సుమారు వంద హమడ్రయాస్ బబూన్లను వదిలారు. మగవాటినే పెట్టాలని ఏర్పాటు, పొరపాటున కొద్ది ఆడవి కూడా వచ్చాయి. వాటికోసం మగవి కొట్టుకు చచ్చాయి. 1927లో మరో ముప్పై ఆడకోతుల్ని తెచ్చి వదిలారు. ఏం జరిగింది? నెమ్మది ఏర్పడుతుందనుకుంటే మారణకాండ పెరిగింది. ఒక్కొక్క ఆడదాన్ని నాలుగు వైపులనుంచి మగవి పట్టి లాగాయి. ఆడకోతుల్లో అత్యధిక భాగం ఆ పోట్లాటల్లోనే చచ్చిపోయాయి. పుట్టిన పిల్లల్లో బతికి బట్టకట్టినవి బహు తక్కువ. జనం టిక్కెట్టు కొనుక్కుని చూశారు.

ఇదంతా శ్రద్ధగా పరిశీలించినవాడు సాలీ జుకర్మన్ అనే శరీరశాస్త్రజ్ఞుడు. 1932లో ఆయన కోతుల, వానరాల సాంఘిక జీవితంమీద ఒక గ్రంథం ప్రచురించాడు. కోతుల సమాజాన్ని కట్టి ఉంచేది నిరంతర కామమే, అందులోని క్రమం బలవంతుడి ఆధిక్యమే అని దాని తాత్పర్యం. కొన్ని దశాబ్దాలపాటు పాఠ్యగ్రంథాలు దీన్నే అనుసరించాయి.

1960ల్లో హాన్స్ కుమ్మర్ ఇథియోపియా వెళ్ళి అదే జాతి బబూన్లను వాటి సొంత నేలమీద చూశాడు. అక్కడ అవి పగలు మేతకోసం చిన్నచిన్న గుంపులుగా విడిపోతాయి, రాత్రి కొండచరియలమీద వందలాదిగా చేరతాయి. ఒక్కొక్క మగదానివెంట కొన్ని ఆడవి ఉంటాయి. ఒకదాని జోలికి మరొకటి పోకపోవడం అక్కడి మగవాటి మామూలు. అదేదో శాంతి ఆశ్రమం కాదు. వెనకబడ్డ ఆడదాని మెడ కొరికి వెంట తెచ్చుకోవడం అక్కడా ఉంది. కాని లండన్‌లో జరిగిన సంహారం అక్కడ లేదు. కారణం స్పష్టమే. ఒకదానికొకటి తెలియని జంతువుల్ని, ఆడమగ సంఖ్యలను తారుమారు చేసి, పారిపోవడానికి చోటులేని గోడలమధ్య పడేశారు. ఆ గోడలు కట్టినవాడు మనిషి. ఆ లెక్క తప్పినవాడు మనిషి. అందులోంచి తేలిన ఫలితం మాత్రం జంతువు స్వభావమట. ఒక జైలు గదిలో రెండువందలమందిని కుక్కి, వారు నీళ్ళ చెంబుకోసం కొట్టుకుంటే, ఇదే మానవ స్వభావమని గ్రంథం రాయడానికీ దీనికీ తేడా ఏముంది?

తోడేళ్ళ కథ కూడా ఇంతే. 1947లో రుడాల్ఫ్ షెంకెల్ బాసెల్ జంతుప్రదర్శనశాలలో ఆవరణలో ఉంచిన తోడేళ్ళను చూసి వాటి అంతస్తుల క్రమాన్ని వర్ణించాడు. గుంపునాయకుడు కొట్లాటలో గెలిచి నాయకుడవుతాడనే భావం దానినుంచే వ్యాపించింది. దీన్ని 1970లో తన గ్రంథం ద్వారా ప్రచారం చేసిన డేవిడ్ మెక్, తర్వాత ఆర్కిటిక్‌లో అడవి తోడేళ్ళను ఏళ్ళ తరబడి చూసి, గుంపంటే సాధారణంగా తల్లీ తండ్రీ పిల్లలేనని 1999లో రాశాడు. తన పాత పుస్తకాన్ని ఇక అచ్చువెయ్యవద్దని ప్రచురణకర్తలను కోరాడు. శాస్త్రజ్ఞుడు అలా దిద్దుకున్నాడు. వ్యాపార నిర్వహణ ఉపన్యాసాలిచ్చేవారు మాత్రం పాత తోడేలునే ఇంకా అమ్ముకుంటున్నారు.

ఇక కొన్రాడ్ లోరెంజ్. ఆయన 1963లో జర్మన్ భాషలో దౌర్జన్యంమీద రాసిన గ్రంథం 1966లో ఇంగ్లీషులో వచ్చి లోకమంతా చదివారు. దీన్ని తేలిగ్గా కొట్టిపారేయలేం. బాతుల్నీ హంసబాతుల్నీ అంత ప్రేమగా, అంత ఓపికగా చూసినవారు తక్కువ. గుడ్డులోంచి బయటికి వచ్చిన పిల్ల మొదట కనిపించిన కదిలే ప్రాణిని తల్లిగా తీసుకుంటుందన్న విషయాన్ని ఆయన విశదపరిచిన తీరు చిరకాలం నిలిచేది. శైలి కథకుడి శైలి. అందుకే జాగ్రత్తగా చదవాలి.

ఆయన వాదం స్థూలంగా ఇది. దౌర్జన్యం ఒక సహజాతం. తొట్టిలో నీరు చేరినట్టు అది లోపల దానంతట అదే చేరుతూ ఉంటుంది. బయటినుంచి ప్రేరణ లేకపోయినా ఒకనాటికి పొంగి పొర్లుతుంది. కోరలున్న జంతువులకు ఓడినవాణ్ణి చంపకుండా ఆపే అంతర్నిరోధాలు కూడా పుట్టుకతోనే వచ్చాయి. మనిషికి కోరలు లేవు గనుక నిరోధాలూ ఏర్పడలేదు. తీరా చేతికి ఆయుధం వచ్చింది. అందుకే ఈ యుద్ధాలు. మరి మందు? ఆటల పోటీలు, దేశాలమధ్య స్నేహాలు మొదలైనవి.

తొట్టి సిద్ధాంతానికి ఆయన చూపిన ప్రసిద్ధమైన సాక్ష్యం గాజుతొట్టిలోని చేప. పోరాడడానికి ఇరుగుపొరుగు మగచేపలు లేకపోతే, అది తన జంట ఆడచేపమీదే పడి చంపుతుందట. గమనించండి, మళ్ళీ తొట్టే! పారిపోయే దారిలేని గాజుగోడలే! అమెరికన్ శాస్త్రజ్ఞుడు డేనియల్ లేర్మన్ 1953లోనే లోరెంజ్ సహజాత సిద్ధాంతాన్ని తీవ్రంగా విమర్శించాడు. ఏదైనా ప్రవర్తనకు "పుట్టుకతో వచ్చింది" అని చీటీ అంటించగానే, అది ఆ ప్రాణిలో దశలవారీగా ఎలా రూపొందిందనే అసలు పరిశోధన ఆగిపోతుందని ఆయన ఆక్షేపణ. చీటీ అంటించడం వివరణ కాదు. నల్లమందు నిద్ర ఎందుకు తెప్పిస్తుందంటే దానిలో నిద్రతెప్పించే గుణం ఉంది గనుక అనడం లాంటిది.

లోరెంజ్ 1938లో నాజీ పార్టీలో చేరాడు. పెంపుడు జంతువుల్లాగే నాగరికతలో మనుషులు క్షీణిస్తారని, ఆ క్షీణించినవారిని ఏరివేయాలని అర్థం వచ్చే రాతలు 1940లో రాశాడు. దీన్ని దాచకూడదు. అలాగని నాజీ కాబట్టి శాస్త్రం తప్పు అనేస్తే మనం వాదించినట్టు కాదు. 1973లో ఆయనతో కలిసి నోబెల్ బహుమతి పంచుకున్న నికో టిన్‌బర్గెన్, యూదు ఆచార్యుల తొలగింపును ఎదిరించి నాజీల నిర్బంధ శిబిరంలో ఉన్నవాడు. ఆ టిన్‌బర్గెనే, జంతువులను పరిశీలించే పద్ధతిని మనిషికి అన్వయించండి గాని జంతువుల్లో తేలిన ఫలితాలను మనిషికి అంటగట్టకండి అని 1968లో హెచ్చరించాడు. ఈ తేడా మన విద్యార్థులు బాగా గుర్తుంచుకోదగింది.

యుద్ధం విషయంలో ఈ సిద్ధాంతం ఎక్కడ కూలుతుందో చూడండి. 1914 డిసెంబరులో పశ్చిమ రంగంలో చాలాచోట్ల ఇంగ్లీషు, జర్మన్ సైనికులు కందకాల్లోంచి బయటికి వచ్చి క్రిస్మస్ జరుపుకున్నారు, చుట్టలు మార్చుకున్నారు. పొంగి పొర్లవలసిన దౌర్జన్యం ఏమైంది? దాన్ని తిరిగి పుట్టించడానికి సేనాపతులు ఆజ్ఞలు జారీచెయ్యవలసి వచ్చింది. యుద్ధానికి పంపాలంటే నిర్బంధ సైనికశిక్షణ కావాలి, పారిపోయినవాణ్ణి కాల్చిచంపే సైనిక న్యాయస్థానం కావాలి. రక్తంలోనే ఉన్నదానికి ఇన్ని చట్టాలెందుకు? పైనుంచి బాంబు వదిలేవాడికి కోపంతో పనిలేదు. కోతుల కొండ గ్రంథకర్త జుకర్మనే రెండో ప్రపంచ యుద్ధంలో బాంబుల ప్రభావం గురించి ప్రభుత్వానికి సలహాదారు. 1944లో ఫ్రాన్సు రైలుమార్గాలమీద దాడులకు పథకం చెప్పినవారిలో ముఖ్యుడు. ఆ పనిలో ఆయనకు ఏ బబూనూ అక్కరకు రాలేదు. రైలు జంక్షన్ల పటాలు, గణాంకాలు అక్కరకు వచ్చాయి.

సహజాతాలే లేవని వాదించడం నా ఉద్దేశం కాదు. పిల్లి ఎలుకను చంపడంకంటే గట్టి సహజాతం ఏముంటుందని అడుగుతారు. చైనా శాస్త్రజ్ఞుడు గ్వో రెన్‌యువాన్ (జింగ్ యాంగ్ కువో) 1930లో ఆ పిల్లినే పరీక్షించాడు. ఎలుకల్ని చంపే తల్లివద్ద పెరిగిన 21 పిల్లికూనల్లో 18 ఎలుకల్ని చంపాయి. ఒంటరిగా పెంచిన 20 కూనల్లో 9 చంపాయి. ఎలుకతో కలిపి పెంచిన 18 కూనల్లో 3 మాత్రమే చంపాయి, అవి కూడా తమతో పెరిగిన రకం ఎలుక జోలికి పోలేదు. ఎవరూ నేర్పకుండానే చంపిన ఆ తొమ్మిదింటిని మనం మరవకూడదు. పుట్టుక ఏదో ఇచ్చింది. కాని ఇచ్చినది ఏ రూపం తీసుకుంటుందో పెరిగిన గూడు చాలావరకు నిర్ణయించింది. పిల్లి విషయంలోనే ఇంత ఉంటే మనిషి సంగతి చెప్పాలా?

మనిషి విషయంలో మన గడ్డమీద ఏం చేశారో చూడండి. 1871లో బ్రిటిష్ ప్రభుత్వం నేరస్త జాతుల చట్టం తెచ్చింది. వడ్రంగి కొడుకు వడ్రంగి అయినట్టు ఈ దేశంలో దొంగ కొడుకు దొంగ అవుతాడు, అది వాడి కులం, వాడి వృత్తి అని దాన్ని సమర్థించిన అధికారులు వాదించారు. 1911 సవరణతో అది మద్రాసు రాజధానికీ వచ్చింది. సర్కారు జిల్లాల్లో ఎరుకలవారిని నేరస్త జాతిగా నమోదు చేసి, సాల్వేషన్ ఆర్మీ ఆధ్వర్యంలో బాపట్ల దగ్గర స్టూవర్టుపురం సెటిల్‌మెంటు నెలకొల్పారు. పుట్టిన బిడ్డ నేరం చెయ్యకముందే నేరస్తుడు. పెద్దవాళ్ళు వేళకు హాజరు వేయించుకోవాలి, అనుమతి లేకుండా ఊరు దాటకూడదు. అంతకు ముందు ఈ ఎరుకలవారు చేసిన పనేమిటి? గాడిదలమీద, ఎద్దులమీద ఉప్పూ ధాన్యమూ వేసుకుని తీరంనుంచి లోపలి ఊళ్ళకు తిరిగి అమ్మడం. ప్రభుత్వం ఉప్పుమీద పన్ను వేసింది, ఉప్పు తయారీని చేతిలో పెట్టుకుంది. రైళ్ళు వచ్చి ఎద్దుబరువుల వర్తకాన్ని చంపేశాయి. కూడు పోయినవాడు ఏం చేస్తాడో అది కొందరు చేశారు. ఉప్పు చట్టం మాట ఎవరూ ఎత్తలేదు. పుట్టుక బుద్ధి అన్నారు. 1952లో ఆ చట్టం రద్దయింది. అంతకు ముందే, 1948లో, మద్రాసు రాష్ట్రం అలవాటు నేరస్తుల చట్టం చేసిపెట్టుకుంది.

మన శిబిరంలోనూ ఈ జాడ్యం లేదనలేం. క్రొపాట్కిన్ సైబీరియాలో జంతువుల పరస్పర సహాయాన్ని కళ్ళారా చూసి 1902లో గొప్ప గ్రంథం రాశాడు. హక్స్లీ చిత్రించిన కత్తుల గోదాకు అది తగిన సమాధానం. కాని ఆయన కూడా చివరికి జంతువునుంచి నీతి తీసుకోవడం మానలేదు. ఇంకా ఘోరం లిసెంకోది. ఒకే జాతిలో పోటీ ఉండదని ప్రకటించి, 1948లో జన్యుశాస్త్రాన్నే బహిష్కరింపజేశాడు. ఆ శాస్త్రానికి తలమానికమైన వవిలోవ్ అంతకు ముందే 1943లో జైల్లో చనిపోయాడు. మనకు నచ్చే జంతువును ఎంచుకుని చూపించడం భౌతికవాదం అనిపించుకోదు.

నచ్చని జంతువు ఒకటి మన దేశంలోనే ఉంది: కొండముచ్చు. 1950ల చివర ఉత్తర, మధ్య భారతాల్లో వీటిని చూసిన ఫిలిస్ జే ఇవి చాలా నెమ్మదైన జీవులని రాసింది. 1960ల మొదట్లో ధార్వాడ దగ్గర సుగియామా అనే జపాన్ శాస్త్రజ్ఞుడు చూసింది వేరు. బయటి మగది వచ్చి గుంపును వశపరచుకుని అక్కడి పసికూనల్ని చంపింది. 1970ల్లో ఆబూ కొండమీద సారా హర్డీ ఇలాంటివే పరిశీలించి, 1977లో గ్రంథంగా ప్రచురించింది. పాలుతాగే పిల్ల చస్తే తల్లి త్వరగా ఎదకు వస్తుంది, కొత్త మగది తన సంతానాన్ని కంటుంది అని ఆమె వివరణ. దీన్ని మొదట చాలామంది ఒప్పుకోలేదు. ఏదో రోగం, ఏదో ఇరుకు అన్నారు. కాని తర్వాత సింహాల్లోనూ ఇతర జంతువుల్లోనూ సాక్ష్యం పేరుకుంది. మనం దీన్ని ఒప్పుకోవాలి.

ఒప్పుకుని, మన పక్కకు తిరిగి చూడాలి. మన దేశంలోనూ శిశుహత్య ఉంది. 1870లోనే దానిమీద చట్టం వచ్చింది. 1994లో గర్భస్థ లింగనిర్ధారణను నిషేధించే చట్టం వచ్చింది. అయినా 2011 జనాభా లెక్కల్లో ఆరేళ్ళలోపు మగపిల్లలు వెయ్యిమందికి ఆడపిల్లలు 920కి లోపే. కొండముచ్చు పరాయి పిల్లను చంపుతుంది, మనిషి సొంత బిడ్డను చంపుతాడు. కొండముచ్చు ఆడా మగా ఎంచదు, మనిషి ఆడబిడ్డనే ఎంచుతాడు. పందొమ్మిదో శతాబ్దంలో దీనికి పేరుపడ్డవారు ఉత్తరాదిన భూములున్న అగ్రకులాలవారు. కూతుర్ని పై అంతస్తుకు ఇవ్వాలి, కట్నం పొయ్యాలి, పరువు నిలుపుకోవాలి. పైకి పని ఒకటే, శిశుహత్య. దాని కారణాలను మాత్రం ఏ కొండముచ్చు గుంపులోనూ వెతికి పట్టుకోలేం. రిజిస్ట్రారు కచేరీలోనూ పెళ్ళిమాటల్లోనూ దొరుకుతాయి.

కెన్యాలోని ఒక బబూన్ల గుంపు సంగతి చెప్పి ముగిస్తాను. 1980ల మధ్యలో ఆ గుంపులోని దుందుడుకు మగవి పక్కనున్న యాత్రికుల విడిది చెత్తకుప్పమీద మాంసం కోసం పోట్లాడేవి. ఆ మాంసంలో క్షయ ఉంది. పోట్లాడి తిన్నవి చచ్చాయి, నెమ్మదైనవి మిగిలాయి. గుంపులో కొరకడాలూ వేధింపులూ తగ్గాయి. బబూన్లలో మగపిల్ల పెద్దదై వేరే గుంపుకు పోతుంది గనుక, పదేళ్ళకు ఆ పాత మగవేవీ అక్కడ లేవు, అన్నీ బయటనుంచి వచ్చినవే. అయినా ఆ నెమ్మది అలాగే ఉంది. రాబర్ట్ సపోల్స్కీ, లీసా షేర్ 2004లో ప్రకటించిన ఈ పరిశీలనను చూసి, ఇదిగో కోతుల్లో సోషలిజం అని సంబరపడేవారు మనలో ఉంటారు. వారు కోతుల కొండవారి తప్పునే తలకిందులుగా చేస్తున్నారు. ఒక్క గుంపు అది, దాన్ని మార్చింది రోగం. అందులో మనం ఆలోచించవలసిన విషయం చిన్నది, కాని గట్టిది. వేరే గుంపుల్లో కొత్తగా వచ్చిన మగదాన్ని ఆడవి చాలాకాలం దగ్గరికి రానివ్వవు. ఇక్కడ మాత్రం త్వరలోనే దగ్గరికి చేరి దాని బొచ్చు దువ్వుతున్నాయి. కొత్తవి ఆ పద్ధతిని చూసి నేర్చాయా, లేక వేధింపు లేనిచోట వాటి ప్రవర్తనే వేరుగా సాగిందా అన్నది ఆ శాస్త్రజ్ఞులు కూడా తేల్చి చెప్పలేదు.